నాలుకమేస్త్రి మెచ్చిన సరుకు

పొద్దుపని చేసే కార్ఖానాలో ఒక కంపు ఉంటుంది. తడి గోనెసంచిలో పాలగిన్నె పెట్టి మరిచిపోతే ఎలా ఉంటుందో అలా. ఆ కంపులో పుట్టి పెరిగినవాళ్ళ ముక్కుకి అది ఆనదని జనం అనుకుంటారు గానీ, అదంతా ఉత్తమాట. నాలుకమేస్త్రికి ఇన్నేళ్ళొచ్చినా ఉదయం గుమ్మంలో అడుగు పెట్టగానే కడుపులో తిప్పుతుంది. తిప్పినా లోపలికి పోవాల్సిందే. తొట్టి దగ్గర కూర్చోవాల్సిందే. కూర్చుని నోరు తెరవాల్సిందే.

పొద్దు అన్ని గదుల్లోనూ ఒకేలా నడవదని అందరికీ తెలిసిన సంగతే. డాక్టరు ముందుగదిలో బల్ల మీద కూర్చుంటే గడియారం ముల్లు చచ్చినా కదలదు. పెళ్ళి భోజనాల దగ్గర అదే ముల్లు కుక్క తరిమినట్టు పరుగెడుతుంది. పొద్దు కదలక నిలిచిపోయిన చోట అది గోడలకు చెమటలా పడుతుంది. వంటింటి గోడకు నూనెజిడ్డు పట్టినట్టే, పొర మీద పొర. దాన్ని మడ్డి అంటారు. పొద్దుమేస్త్రీలు చెక్కబద్దలతో ఆ మడ్డిని గీకి డబ్బాల్లో తెచ్చుకుంటారు. గీకిన గదిలో మనుషులకు ప్రాణం లేచొస్తుంది, పొద్దు తేలిగ్గా సాగుతుంది. తెచ్చిన మడ్డిని గుడ్డలో వడకట్టి, నీళ్ళు మార్చి మార్చి కడిగి, తొట్లలో ఊరబెట్టి, పొద్దు నిదానంగా పోతే బాగుండుననుకునేవాళ్ళ గోడలకు పల్చగా మెత్తుతారు. పెళ్ళి హాళ్ళకు, విడిది గదులకు, గొప్పవాళ్ళు తినే హోటళ్ళకు. ఒకరికి అక్కర్లేనిది తీసి కావలసినవాళ్ళకు పెట్టడం. వినడానికి ఎంత పుణ్యమో! చూడ్డానికి మాత్రం జలుబు చేసిన పిల్లాడి ముక్కు కింద ఉండేదే. అదే రంగు, అదే జిగట. వేలితో ఎత్తితే తీగలా సాగుతుంది.

దాన్ని నాలుక మీద పెట్టుకునేవాడు నాలుకమేస్త్రి.

ఎందుకు పెట్టుకోవాలంటే, కడగడం సరిగ్గా కుదరకపోతే మడ్డిలో మనిషి మిగిలిపోతాడు. ఒకసారి పక్కవీధి కార్ఖానావాళ్ళు రుచి చూడకుండానే ఓ పెళ్ళి హాలుకి మెత్తేశారు. పెళ్ళివారందరూ బుగ్గలు పట్టుకుని మూలుగుతూ కూర్చున్నారు. పళ్ళ డాక్టరు దగ్గర గీకిన సరుకది. అందుకని ప్రతి తొట్టి లోంచీ కాస్త తీసి నాలుక మీద వేసుకోవడం, నోరంతా తిప్పడం, పక్కనున్న బకెట్లో ఉమ్మడం, "పంపు" అనో "మళ్ళీ కడుగు" అనో చెప్పడం. అదీ ఉద్యోగం. సరుకు ఎక్కడిదని మాత్రం అడక్కూడదు. తెలిసిన నాలుక రుచి చూడదు, ఊహిస్తుందని ఈ పనిలో పెద్దల మాట. నాలుకమేస్త్రి జీవితంలో ఒక్కసారైనా అడిగి ఎరగడు. అదే ఆయన గొప్ప.

ఆయన నాలుక చూస్తే ఎవరికైనా రెండు రోజులు అన్నం సహించదు. బూజుపట్టిన రొట్టెలా తెల్లగా, మందంగా, నడిమధ్యలో పగులు. ఇంట్లో ఆయన గ్లాసు వేరు, చెంచా వేరు, తువ్వాలు వేరు.

"నోట్లో నాలుక లేనివాణ్ణి చేసుకున్నవాళ్ళు ఏడుస్తారు," అంటుంది భార్య, ఆ గ్లాసుని రెండు వేళ్ళతో ఎత్తి విడిగా బోర్లిస్తూ. "నాకేమో నాలుక తప్ప ఇంకేమీ లేనివాణ్ణి చూసి కట్టబెట్టాడు మా నాన్న."

ఆ నాన్నదే కార్ఖానా. ఆయన పోయాక భార్య తమ్ముడి చేతికొచ్చింది. మనిషి గుమ్మానికి అడ్డంగా ఉంటాడు గానీ అందరూ చిన్నమేస్త్రి అనే పిలుస్తారు. తొట్టి దగ్గరికి రాడు. ఎప్పుడూ ఉతికిన చొక్కా, జేబురుమాలుకి అత్తరు. మడ్డిని వేలితో ముట్టుకోగా చూసినవాడు లేడు.

నాలుకమేస్త్రికి ఒక్కతే కూతురు. బళ్ళో పక్కపిల్లలు ముక్కులు మూసుకుని "మడ్డిపిల్ల, మడ్డిపిల్ల" అంటే ఏడుస్తూ ఇంటికొచ్చిన పిల్ల. అప్పుడే అనుకుంది, ఈ కంపులో ఉండకూడదని. చదువు పూర్తిచేసింది. శుభ్రమైన కుర్చీ, కిటికీ ఉన్న గది, సాయంత్రానికి చేతులు వాసన రాని పని, అంతకంటే ఏమీ అడగలేదు ఆ పిల్ల. కొన్ని నెలలుగా బజారు చివర్లో కొత్తగా తెరిచిన నియామకాల కార్యాలయానికి వెళ్తోంది. అక్కడ పొద్దున్నించీ సాయంత్రం దాకా హాల్లో కూర్చోబెడతారు. లోపలి తలుపు తీసుకుని ఒక కళ్ళజోడాయన బయటికొస్తాడు. "ఇంకా ఫైలు రాలేదు. రేపు రండి," అంటాడు. అంతే. మర్నాడు మళ్ళీ చొక్కా ఇస్త్రీ చేసుకుంటుంది.

ఆ రోజూ అద్దం ముందు నిలబడి, కాలరు సర్దుకుంటూ, ఎవరో ఎదురుగా ఉన్నట్టు వినయంగా చెబుతోంది.

"అవునండీ. ఏ పనైనా నేర్చుకుంటానండీ."

అని, అద్దంలోంచే తండ్రి వైపు చూసింది. "నాన్నా, లవంగం."

నాలుకమేస్త్రి జేబులో ఎప్పుడూ లవంగాల పొట్లం ఉంటుంది. నోట్లో ఉండే రోతకి అదొక్కటే మందు. ఒకటి తీసి కూతురి అరచేతిలో పెట్టాడు. దవడకు పెట్టుకుంటే నోరు మంచి వాసన వస్తుంది, గుండెదడ తగ్గుతుందని ఆయనే నేర్పాడు.

"ఇవాళ పిలుస్తారంటావా?"

"పిలవక చస్తారా తల్లీ! నీలాంటిదాన్ని వదులుకుంటే నష్టం వాళ్ళకే."

"రోజూ ఇదే మాట," అంది భార్య వంటింట్లోంచి. "మీ మాట కూడా మీ తొట్లో సరుకులా ఊరుతోంది. అయినా మా తమ్ముడు కనుక్కుంటానన్నాడు లెండి, వాడికి అక్కడెవరో తెలుసుట."

"మావయ్య చెప్పాడు నాన్నా, ఓపిక పట్టమని," అంది పిల్ల. పాత చెప్పుల అరుగుదల కనబడకుండా పాదాలు దగ్గరగా పెట్టి చూసుకుని, బయల్దేరింది.

ఇది జరుగుతున్న రోజుల్లోనే కార్ఖానాకి కొత్త సరుకు వచ్చింది.

నాలుకమేస్త్రికి ఆ మొదటి చెంచా బాగా గుర్తు. మామూలు మడ్డి చప్పగా, కాగి చల్లారిన నీళ్ళలా ఉంటుంది. అడుగున విసుగు, చిన్న తుప్పు రుచి. ఎంత కడిగినా గొంతు దగ్గర ఓ వెగటు తగులుతుంది. ఇది అలా లేదు. చిక్కగా ఉంది, నాలుక మీద పరుచుకుంది. అంచున సన్నటి తీపి. పైన ఏదో ఘాటు, అది తన నోట్లో ఉన్న లవంగమే అనుకున్నాడు. ఉమ్మాల్సినంతసేపు దాటిపోయినా ఉమ్మబుద్ధి కాలేదు.

"ఏంటి బావా, మింగేస్తావా ఏంటి?" అన్నాడు చిన్నమేస్త్రి, దూరంగా నిలబడి, రుమాలు ముక్కుకి అడ్డం పెట్టుకుని.

నాలుకమేస్త్రి బకెట్లో ఉమ్మాడు. "ఇలాంటిది నా జన్మలో చూళ్ళేదురా. విసుగన్నది లేదు. ఎవరో గానీ ఎంత ఇష్టంగా కూర్చున్నారో!"

"నిజంగానా?"

"ఎక్కడిదో నేను అడగను. కానీ తెస్తే ఇదే రకం తే. ఎంత దొరికితే అంత తే."

"నీ నోటితో అన్నావు, చాలు బావా," అన్నాడు చిన్నమేస్త్రి. మొహం వెలిగిపోయింది.

అప్పట్నించీ ఆ రకం వస్తూనే ఉంది, ఆయన ఒప్పుకుంటూనే ఉన్నాడు. ఊళ్ళో పెద్ద హోటలు గోడలకి మెత్తారు. పొగుడుతూ కబురు కూడా వచ్చింది. ఆ తర్వాత కొన్నాళ్ళకి హోటలు యజమాని స్వయంగా ఫోను చేశాడు.

"మేస్త్రిగారూ, నిదానం భేషుగ్గా ఉందండీ, అందులో మాట లేదు. కానీ మా వాళ్ళు ఏదోలా కూర్చుంటున్నారు. ఒకసారి వచ్చి చూసి వెళ్దురూ."

నాలుకమేస్త్రి మధ్యాహ్నం భోజనాల వేళకి వెళ్ళాడు. పొట్లంలో ఆఖరి లవంగం పొద్దున్నే కూతురికి ఇచ్చేశాడు. కొత్తవి కొనడం మరిచిపోయాడు.

హోటలు నిండా మనుషులే. పొద్దు తేనెలా జారుతోంది. ఆవిరి కూడా కంచాల మీంచి తొందరపడకుండా లేస్తోంది. అందరూ బద్ధకంగా, తీరిగ్గా నములుతున్నారు. పులుసు కారుతున్న వేళ్ళు చప్పరిస్తున్నారు. పంటిసందున ఇరుక్కున్నది గోటితో తీసి, చూసి, మళ్ళీ నోట్లో వేసుకుంటున్నారు. అంతవరకూ మామూలే. కానీ ఉన్నట్టుండి వంటింటి తలుపు కిర్రుమంది. అంతే, హోటల్లో ఉన్నవాళ్ళందరూ ఒక్కసారిగా నిటారుగా అయ్యారు. కాలర్లు సర్దుకున్నారు. పాదాలు దగ్గరగా పెట్టుకున్నారు. చేతులు మోకాళ్ళ మీదికి వెళ్ళాయి. కళ్ళన్నీ తలుపు మీద. కంచాల వాడు బయటికొచ్చాడు. అందరి మొహాలూ వాడిపోయాయి. మళ్ళీ నమలడం మొదలు.

"చూశారా? తలుపు తీసినప్పుడల్లా ఇదే వరస," అన్నాడు యజమాని. "మా వాడు సిగ్గుపడి చస్తున్నాడు, అందరూ వాణ్ణే చూస్తున్నారని."

పక్క బల్ల దగ్గర ఒక పెద్దమనిషి గడ్డం మీదికి కారిన పులుసుని నాలుకతో అందుకుంటూ, "ఆహా! ఈ పొద్దుని కొరుక్కు తినొచ్చు," అన్నాడు. ఎదురుగా కూర్చున్న ఆయన భార్య నోటినిండా ముద్దతో, తలుపు వైపు చూస్తూ, మెల్లగా అంది.

"అవునండీ. ఏ పనైనా నేర్చుకుంటానండీ."

"ఏంటీ?"

"ఏమో. నోటికొచ్చింది." అని దవడలో ఏదో ఉన్నట్టు నాలుకతో అటూ ఇటూ వెతుక్కుంది.

నాలుకమేస్త్రి యజమానిని అక్కడే వదిలేశాడు. గోడ దగ్గరికి నడిచాడు. బొమ్మ తగిలించిన చోటు పక్కన గోటితో గీకాడు. గోటిలోకి వచ్చిన దాన్ని నాలుక మీద పెట్టుకున్నాడు.

లవంగం.

ఆయన నోట్లో లవంగం లేదు. ఈసారి ఆ ఘాటు మడ్డిలోంచే వచ్చింది. దాని వెనకాలే మిగతాదంతా వచ్చింది. ఇస్త్రీ వేడి, అద్దం, చెప్పులు దాచుకుంటున్న పాదాలు, తలుపు కిర్రుమన్నప్పుడల్లా గొంతులోకి ఎగిరే గుండె. రేపు రండి. రేపు తప్పకుండా పిలుస్తారు. నాన్న చెప్పాడు. ఆ అంచున ఉన్న తీపి, ఆయన ఇన్నాళ్ళూ మెచ్చుకున్న తీపి, పిల్ల పెట్టుకున్న ఆశ. ఎన్ని నీళ్ళలో కడిగినా పోనిది అదొక్కటే.

ఉమ్మడానికి బకెట్ లేదు. గుటక పడిపోయింది.

మరుక్షణం చేతులు కడుక్కునే తొట్టి దాకా కూడా వెళ్ళలేక, నడవలో ఉన్న పూలకుండీలో కక్కుకున్నాడు. తినేవాళ్ళెవరూ తల తిప్పలేదు. వంటింటి తలుపు మళ్ళీ కిర్రుమంది, అందరూ అటు చూస్తున్నారు. ఆ పెద్దమనిషి ఇంకా నములుతూనే ఉన్నాడు. వీడు నములుతున్నది నా పిల్ల మధ్యాహ్నం, అనుకున్నాడు నాలుకమేస్త్రి. వీడి పళ్ళ సందున ఇరుక్కున్నది నా పిల్ల సాయంత్రం.

కార్ఖానాకి వెళ్ళేసరికి చిన్నమేస్త్రి గదిలో టీ తాగుతున్నాడు.

"ఆ సరుకు ఎక్కడిదిరా?"

చిన్నమేస్త్రి కప్పు దించాడు. "బావా, నువ్వు అడక్కూడదు కదా?"

"అడుగుతున్నాను."

"కూర్చో ముందు. మొహం అలా ఉందేంటి? టీ తాగుతావా?"

"బజారు చివర ఆఫీసు నీదేనా?"

"ఆఫీసేంటి బావా, హాలు. అద్దెకు తీసుకున్నా." తేలు కుట్టిన దొంగలా ఉంటాడేమోనని చూశాడు నాలుకమేస్త్రి. లేడు. పైగా చెప్పుకోవడానికి ఎవరూ దొరక్క ఇన్నాళ్ళూ బాధపడ్డవాడిలా ముందుకు వంగాడు. "నువ్వు ఈ తొట్ల దగ్గర కూర్చుంటావు, నీకు లోకం తెలీదు. ఇప్పుడు డాక్టరు దగ్గర గోడ గీకితే ఏమొస్తోంది? సున్నం! అందరి చేతుల్లో ఫోన్లు. ఎవడూ ఎదురుచూడ్డం లేదు బావా. వేలితో తోసుకుంటూ కూర్చుంటున్నారు, లేచి పోతున్నారు. గోడకి చుక్క పట్టడం లేదు. మడ్డి లేకపోతే మనం ఏం మెత్తుతాం, మన్నా? అందుకని పండించాల్సొచ్చింది."

"పండించడం!"

"మరి? కుర్చీలు గోడకి ఆనించి వేయించా. గోడకి నున్నటి రంగు కొట్టించా, గీకడానికి సులువుగా ఉంటుందని. గుమ్మంలో ఫోన్లు తీసుకుంటారు. కళ్ళజోడాయన తలుపు తీసి రేపు రమ్మంటాడు. ఎవణ్ణీ తిట్టలేదు, కొట్టలేదు. ఫ్యాన్లు కూడా పెట్టించా."

"ఉద్యోగం?"

"ఉద్యోగమెక్కడిది?" అన్నాడు చిన్నమేస్త్రి, నిజంగానే ఆశ్చర్యపోయి.

గది గుమ్మం అవతల తొట్లో సరుకు మీద ఒక బుడగ లేచి, టప్పుమని పగిలింది.

"మన పిల్ల అక్కడే కూర్చుంటోందని నీకు తెలుసా?"

"తెలీకపోవడమేంటి? మేనమామని! మొదట్లో చూసి, ఏదో చెప్పి పంపేద్దామనే అనుకున్నా. ఆ వారంలోనే నువ్వు ఇదే రకం తెమ్మన్నావు." చిన్నమేస్త్రి గొంతు తగ్గించాడు, రహస్యం చెప్పినట్టు. "ఆ పిల్ల కుర్చీ వెనక గోడది వేరే డబ్బాలో పట్టిస్తున్నా బావా. నీ నోటికి పెట్టింది అదే. మిగతావాళ్ళ దాంట్లో విసుగుంటుంది, తిట్లుంటాయి. మనదాందో? ఎంత శుభ్రం! చూస్తే ముచ్చటేస్తుంది. ఎంతైనా మన రక్తం."

ఆ కళ్ళల్లో గర్వం చూశాడు నాలుకమేస్త్రి. అబద్ధమాడి ఉంటే, కాళ్ళ మీద పడి ఉంటే, కనీసం తల దించుకుని ఉంటే కాస్త నయంగా ఉండేది. ఎద్దు పుండు కాకికి నొప్పా అంటారు. కానీ ఆ కాకైనా పుండు పొడుచుకు తింటుందే గానీ, ఎంత మంచి పుండో చూడండని నలుగురికీ చూపించదు.

"దానికి ఓపిక పట్టమని చెప్పింది కూడా నువ్వే."

"మరి లేచి పోతే? అయినా బావా, పరాయి పిల్లల్ని కూర్చోబెట్టి మన పిల్లని ఇంట్లో దాచుకుంటే పాపం కాదూ? ఆ మచ్చ నాకొద్దు."

నాలుకమేస్త్రి తొట్టి దగ్గరికి వెళ్ళాడు. నోట్లో ఉన్నదంతా, కూతురి రుచీ, తన కక్కూ, అన్నీ కూడదీసుకుని, ఖాండ్రించి తొట్లో ఉమ్మాడు. నోట్లో తిరిగిన ఎంగిలి పడితే తొట్టి చచ్చిపోతుంది. చూస్తుండగానే సరుకు నురగలు కట్టి, పచ్చబడి, ఎలక చచ్చిన బీరువా తలుపు తీసినట్టు గుప్పుమంది.

చిన్నమేస్త్రి రుమాలు అడ్డం పెట్టుకుని గోడకి అతుక్కుపోయాడు. "ఛీ ఛీ! ఇదేం పని బావా, చిన్నపిల్లాడిలా! సరే, తొట్టి పోతే పోయింది. హాల్లో గోడ ఉంది కదా." నాలుకమేస్త్రి గుమ్మం దాటుతుంటే వెనకనించి అరిచాడు. "అక్కకి మాత్రం చెప్పకు! దానికసలే బీపీ!"

నియామకాల కార్యాలయం గుమ్మంలో ఒక బుట్ట, దాన్నిండా ఫోన్లు. హాలు పొడుగ్గా ఉంది. రెండు పక్కలా గోడలకి వీపులు ఆనించి మనుషులు. కుర్చీలు చాలనివాళ్ళు నిలబడ్డారు. ఇస్త్రీ బట్టలు, తడి దువ్విన తలలు, ఒళ్ళో సర్టిఫికెట్ల అట్టపెట్టెలు. లోపలికి అడుగు పెడితే నడుము లోతు బురదలో దిగినట్టుంది. పని తెలిసిన ఆయన కళ్ళకి గోడ మీది మడ్డి కనబడింది, వాళ్ళకి కనబడనిది. ఒక్కొక్కరి వీపు వెనకా మనిషి ఆకారంలో తడి. భుజాల దగ్గర చిక్కగా, తల దగ్గర ఇంకా చిక్కగా, మెల్లగా కిందికి కారుతూ. వాళ్ళు వీపులు ఆనించుకుని, దాంట్లోనే, బుద్ధిగా కూర్చున్నారు.

కూతురు తలుపుకి దగ్గరి కుర్చీలో ఉంది. అది అందరికంటే మంచి చోటు. నెలల తరబడి వస్తే దొరికింది.

"నాన్నా? నువ్వేంటి ఇక్కడ? ఈ బట్టలతో?" సిగ్గుతో చుట్టూ చూసింది. పక్కన కుట్టుపని చేసుకుంటూ కూర్చున్న ఆమె ముక్కు దగ్గరికి కొంగు తెచ్చుకోబోయి, మర్యాదకి ఆగింది.

"లే తల్లీ. ఇంటికి పోదాం. ఇక్కడ ఉద్యోగం లేదు."

"మెల్లగా మాట్లాడు. ఇవాళ తప్పకుండా పిలుస్తారుట."

"పిలవరు. ఈ హాలు మీ మావయ్యది. గోడ గీక్కోడానికి కూర్చోబెట్టాడు మిమ్మల్ని."

"మావయ్యా?" నవ్వింది పిల్ల. "మొన్న నా ఫైలు కోసం ఎవరితోనో మాట్లాడతానన్నాడు. నువ్వు ఆయనతో మళ్ళీ గొడవ పడ్డావా? ఇక్కడ వద్దు నాన్నా, నీకు దణ్ణం పెడతాను. ఇప్పుడు లేస్తే నా కుర్చీ పోతుంది."

చెప్పి లాభం లేదని నాలుకమేస్త్రికి అర్థమైంది. కూతురి తల వెనక గోడని చూపుడు వేలితో గీకాడు. వేలి చివర వేలాడుతున్నదాన్ని ఆమె మొహం ముందు పెట్టాడు.

"నోట్లో పెట్టుకో."

"ఛీ! నాన్నా!"

"ఒక్కసారి. అబద్ధమైతే జన్మలో నీ జోలికి రాను."

పుట్టి బుద్ధెరిగాక ఆ పిల్ల మడ్డిని ముట్టుకోలేదు. ఆ వాసనకి పారిపోవడానికే కదా ఈ కుర్చీలో కూర్చుంది! తండ్రి మొహం చూసింది. ఆ మొహంలో ఏం చూసిందో గానీ, కళ్ళు గట్టిగా మూసుకుని నాలుక చాపింది.

కాసేపు ఏమీ కాలేదు. తర్వాత దవడ ఆగిపోయింది. కళ్ళు తెరిచింది. తనని తానే రోడ్డు మీద చూసినట్టు, గుర్తుపట్టినట్టు, చూపు నిలబడిపోయింది. ఒళ్ళో అట్టపెట్టె జారి పడింది. వంగి, దాని మీదే, ఇస్త్రీ చొక్కా మీదే, భళ్ళున కక్కుకుంది.

వీపు తడుముతున్న తండ్రి చెయ్యి తోసేసి, మూతి తుడుచుకుని, అడిగింది.

"దీన్ని నువ్వు రుచి చూశావా?"

"చూశాను."

"ఎన్నాళ్ళుగా?"

"ఆ సరుకు వస్తున్నప్పట్నించీ."

"చూసి ఏమన్నావు?"

అబద్ధం చెబితే పోయేది. కానీ నాలుకతో బతికినవాడు, ఆ నాలుకకి అబద్ధం అలవాటు లేదు. "బాగుందన్నాను తల్లీ. ఇంకా తెమ్మన్నాను. నాకు తెలీదు..."

"అడగలేదా ఎవరిదని?"

"అడక్కూడదు."

పిల్ల లేచి నిలబడింది. లేచీ లేవగానే గోడవార నిలబడ్డ ఒక టై కట్టుకున్నతను రెండు అంగల్లో వచ్చి ఆ కుర్చీలో కూర్చున్నాడు. కింద ఉన్న కక్కుకి కాళ్ళు తగలకుండా ఎడంగా పెట్టుకున్నాడు.

"మీకు వచ్చేసినట్టుంది, సంతోషం," అన్నాడు నవ్వుతూ. "నాన్నగారు స్వయంగా వచ్చారు తీసుకెళ్ళడానికి."

"వచ్చిందా? ఈ అమ్మాయికి వచ్చిందిట!" హాలంతా గుసగుసలు. "చూశారా, ఇస్తున్నారు. మరి ఇవ్వరన్నారు!"

"ఎవరికీ రాలేదు!" అని అరిచింది పిల్ల. "ఇక్కడ ఉద్యోగాల్లేవు. మా మావయ్య మోసం ఇది. లేవండి, అందరూ ఇళ్ళకి పొండి!"

ఎవరో కిసుక్కున నవ్వారు. "తనకి దొరికింది కదా, ఇంక మనల్ని పొమ్మంటోంది."

"మావయ్యదిట! అయితే అందుకే వచ్చింది ఉద్యోగం!"

"అమ్మా, మీ మావయ్యగారికి మా మాట కూడా కాస్త చెప్దురూ!"

ఆ మాటలతో పాటు గోడ కదలడం నాలుకమేస్త్రి చూశాడు. ప్రతి వీపు వెనకా తడి ఒక్కసారిగా ఉబ్బింది. ఎన్నడూ చూడనంత చిక్కగా, మెరుస్తూ, జారి, నేల మీద ముద్దలు కట్టింది. పిల్ల పొమ్మన్నకొద్దీ వాళ్ళకి ఆశ పెరుగుతోంది. సాయంత్రం చిన్నమేస్త్రి మనుషులు డబ్బాలు చాలక వెతుక్కుంటారు.

ఆయన వేలు చాపి వరసలో నడిచాడు. "నాకి చూడండి. మీదే ఇది. ఒక్కసారి నాకి చూడండి." మొహాలు తిప్పుకున్నారు. ఒకామె పిల్లాడి కళ్ళు మూసింది. "ముసలాయనకి మతి చలించింది పాపం," అన్నాడు టై కట్టుకున్నతను, దయగానే.

కుట్టుపనామె ఒక్కతే సంచీ సర్దుకుని లేచింది. ఆయన వేలు చాపబోతే చేత్తో వద్దంది.

"నాకక్కర్లేదు అన్నయ్యా. మీ అమ్మాయి మొహం చూశాను, చాలు." బుట్టలోంచి తన ఫోను వెతుక్కుని వెళ్ళిపోయింది. ఆమె కుర్చీ కూడా నిండిపోయింది.

లోపలి తలుపు కిర్రుమంది. అందరూ నిటారుగా అయ్యారు. పిల్ల ఒళ్ళు కూడా, అలవాటుకొద్దీ, ఒక్క క్షణం నిటారుగా అవడం తండ్రి చూశాడు. ఆ పిల్ల అది గమనించుకుని వీధిలోకి పరుగెత్తింది.

వీధి కొళాయి దగ్గర వంగి నోరు కడుక్కుంటోంది. పుక్కిలించి ఉమ్మడం, మళ్ళీ పుక్కిలించడం. చొంగతో పాటు కళ్ళనీళ్ళూ కారుతున్నాయి. చొక్కా ముందంతా కక్కు. దారినపోయేవాళ్ళు ముక్కులు మూసుకుని తప్పుకుంటున్నారు. నాలుకమేస్త్రి కాస్త దూరంగా నిలబడ్డాడు. దగ్గరికి వెళ్ళే ధైర్యం లేదు.

"నీళ్ళతో పోదు తల్లీ," అన్నాడు చివరికి. "కొన్నాళ్ళు ఉంటుంది."

కొళాయి కట్టేసింది. "ఆ తర్వాత?"

"తర్వాత నీకు పోతుంది. ఒక్కసారే కదా పెట్టుకున్నావు."

"నీకు?"

నాలుకమేస్త్రి తల అడ్డంగా ఊపాడు.

పిల్ల మోచేత్తో మూతి తుడుచుకుంది. ఆయన నోటి వైపు, ఆ మందమైన తెల్లటి నాలుక కదిలే చోటు వైపు చూసింది. బళ్ళో పక్కపిల్లలు తనని చూసిన చూపు అది.

"పోకూడదు కూడా," అంది. "రేపట్నించీ ఆ హాలు గుమ్మంలో నిలబడి, వచ్చినవాళ్ళకి వచ్చినట్టు చెప్పు, బాగుందన్నది నువ్వేనని. నవ్వనీ. ఉమ్మనీ. నేను అవతలి పక్క నిలబడతాను. కానీ నాన్నా, నాతో మాత్రం మాట్లాడకు."

అని, కక్కు అంటిన చొక్కాతోనే, జనం మధ్యలోంచి ఇంటివైపు నడిచింది. నాలుకమేస్త్రి నోరు మూసుకుని వెనకాల నడిచాడు.